చాదర్‌ఘాట్ మాస్టారు: సయ్యద్ అబ్దుల్ రహీం స్మారకోపన్యాసం

రహీం సాబ్ స్మారకోపన్యాసానికి దిల్‌సుఖ్‌నగర్‌ను ఎంచుకున్నందుకు నిర్వాహకులకు కృతజ్ఞతలు. ఇక్కణ్ణుంచి మలక్‌పేట దాటి మూసీ వంతెన ఎక్కితే చాదర్‌ఘాట్. అక్కడి హైస్కూల్లో పిల్లల చేత ఆటలాడించిన మాస్టారాయన. అంతకుముందు కాచిగూడ మిడిల్ స్కూలు, ఉర్దూ షరీఫ్ స్కూలు, దారుల్ ఉలూం హైస్కూలు. భారత ఫుట్‌బాల్ జట్టు కోచ్‌గా ఆయన సాధించిన 1951, 1962 ఆసియా క్రీడల స్వర్ణాలూ, 1956 మెల్‌బోర్న్ ఒలింపిక్స్‌లో నాలుగో స్థానమూ మీకు కొత్తగా చెప్పక్కర్లేదు. 1909లో పుట్టుక, ఉస్మానియాలో చదువు, కమర్ క్లబ్‌లో ఆట, వీటి దగ్గరా ఆగను. నా మనసంతా 1943 నుంచి 1954 దాకా నడిచిన కాలం మీదే ఉంది.

1943లో ఆయన హైదరాబాద్ ఫుట్‌బాల్ సంఘానికి కార్యదర్శి అయ్యారు. చనిపోయేదాకా ఆ బాధ్యత వదల్లేదు. కార్యదర్శి అంటే లీగ్ నడపాలి, మ్యాచ్‌లు కుదర్చాలి, రెఫరీలను చూసుకోవాలి. ఆ పనుల మధ్యే ఆయన పిల్లల కోసం ఒక వింత పోటీ పెట్టారు. అందులో డ్రిబ్లింగ్ నిషేధం. బంతి కాలికి తగలగానే పక్కవాడికి పాస్ చేసెయ్యాలి. నిబంధన బంతి ఉన్నవాడికే అనిపిస్తుంది గానీ, అసలు మారింది బంతి లేనివాడి ఆట. పాస్ అందుకోవాలంటే వాడు ముందే ఖాళీ చూసుకుని పరుగెత్తి ఉండాలి. ఇంకో రకం పోటీలో బలహీనమైన కాలితోనే ఆడాలి. కుడికాలి వాటం కుర్రాడు మ్యాచంతా ఎడమకాలితో తంటాలు పడాల్సిందే. బలిష్ఠులైన యూరపు ఆటగాళ్లను ఢీకొట్టి గెలవలేని మన పిల్లలు బంతిని వాళ్లకంటే వేగంగా కదిలించి గెలవచ్చని ఆయన లెక్క.

1948 సెప్టెంబరులో నిజాం రాజ్యం భారత్‌లో కలిసి ఊరి పాలన మారినా హైదరాబాద్ సిటీ పోలీసు ఫుట్‌బాల్ జట్టు నిలబడింది. పోలీసు అధికారి శివకుమార్ లాల్ అండ ఉంది. 1950లో రహీం ఆ జట్టుకు కోచ్ అయ్యారు. అదే ఏడాది రోవర్స్ కప్ టోర్నీ మనది. ఆపైన 1954 దాకా ఏటా మనదే, వరసగా అయిదుసార్లు! డ్యూరాండ్ కప్ ఫైనల్లో మోహన్ బగాన్‌నే ఓడించారు.

ఇక్కడ ఒక తగువు తీర్చుకోవాలి, క్షమించండి. పరిశోధకుల్లో ఒక వర్గం, 1952 హెల్సింకీ ఒలింపిక్స్‌లో హంగరీ ఆట చూసి రహీం అంతా నేర్చుకొచ్చారంటుంది. మరో వర్గం, 1958 ప్రపంచకప్ కంటే ముందే 4-2-4 వ్యూహంతో ఆడించి బ్రెజిల్‌కే దారి చూపారంటుంది. మొదటివాళ్లు క్యాలెండరు చూడాలి. హెల్సింకీకి ముందే రెండు రోవర్స్ కప్పులు, 1951 ఢిల్లీ ఆసియా క్రీడల స్వర్ణం వచ్చేశాయి. హెల్సింకీలో మనకు దక్కింది యుగోస్లావియా చేతిలో 10-1 ఓటమి. దాని నుంచి ఆయన పాఠం తీసుకున్నారు, హంగరీని శ్రద్ధగా చూశారు, కాదనను. కానీ పొట్టి పాసులు అక్కడ పుట్టలేదు. ఇక రెండోవాళ్లు ఆయన్ను పొగుడుతున్నామనుకుంటూనే ఆయన శ్రమను మరుగుపరుస్తున్నారు. మన మాస్టారు గొప్పవాడని చెప్పడానికి బ్రెజిల్ సాక్ష్యం ఎందుకు? నలుగురు, ఇద్దరు, నలుగురు అని పలకమీద రాయడం ఎవరికైనా సాధ్యమే. ఆ పదిమందికీ ఒక్క టచ్‌తో ఆడే అలవాటు ఏళ్ల తరబడి నేర్పినవాడెవరన్నది అసలు ప్రశ్న. దానికి జవాబు బడి పోటీల్లో దొరుకుతుంది. ఈ మాట నేను ఎన్ని సభల్లోనైనా చెబుతాను.

ఆయన శిష్యుల్లో తులసీదాస్ బలరాం సంగతి చూడండి. సికింద్రాబాద్ అమ్ముగూడ కుర్రాడు, పేద కుటుంబం. ప్రాక్టీసుకు రాను పోను డబ్బుల్లేవంటే అద్దె సైకిలుకు రహీం సాబ్ డబ్బులిచ్చారని బలరామే చెప్పుకున్నారు. ఆ కుర్రాడు 1956లో మెల్‌బోర్న్‌లో ఆడాడు. నూర్ మహమ్మద్, అజీజుద్దీన్, జుల్ఫికరుద్దీన్ కూడా ఆ జట్టులో మనవాళ్లే.

సమయం మించిపోతోందని అధ్యక్షులవారు సైగ చేస్తున్నారు. 1960 రోమ్ ఒలింపిక్స్ వదిలేస్తాను. 1962 జకార్తా ఆసియా క్రీడల్లో మనవాళ్లు మొదటి మ్యాచ్ దక్షిణ కొరియాకు ఓడి, ఫైనల్లో అదే కొరియాను 2-1తో గెలిచారు. తలకు కుట్లున్న డిఫెండర్ జర్నైల్ సింగ్‌ను ముందుకు పంపితే అతనే గోల్ కొట్టాడు. 1963 జూన్ 11న క్యాన్సర్ రహీం సాబ్‌ను తీసుకుపోయింది. ఆ తర్వాత నయీముద్దీన్, షబ్బీర్ అలీ, అమల్‌రాజ్ లాంటి ఆటగాళ్లు ఊరి పేరు నిలబెట్టారు. 2022లో హైదరాబాద్ ఎఫ్‌సీ ఇండియన్ సూపర్ లీగ్ (ఐఎస్‌ఎల్) గెలిచింది. 2025లో ఆ జట్టు ఢిల్లీకి తరలిపోయింది. 2024లో రహీం సాబ్ కథతో మైదాన్ సినిమా వచ్చింది. వీటి గురించి మాట్లాడటానికి వేళ లేదు.

ఒక్క విన్నపం. కొత్తపేట, సరూర్‌నగర్, ఎల్బీనగర్ నుంచి వచ్చిన పెద్దల్లో చాదర్‌ఘాట్ హైస్కూల్లో చదివినవాళ్లుంటారు. ఆ రోజుల జట్టు ఫొటోలు, సర్టిఫికెట్లు, మ్యాచ్ కరపత్రాలు మీ పెట్టెల్లో ఉంటే నకలు తీసుకోనివ్వండి. సభ అయ్యాక ఇక్కడే ఉంటాను. ముఖ్యంగా ఆ డ్రిబ్లింగ్ లేని పోటీలో ఆడినవాళ్ల పేర్లు నాకు కావాలి.