ప్రతిమా పురి చేతిలోని కాగితం

(ఢిల్లీలో విద్యార్థుల సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



మన దేశంలో టెలివిజన్ 1959 సెప్టెంబర్ 15న ఈ ఢిల్లీలోనే మొదలైంది. మొదట్లో వారానికి రెండు రోజులే ప్రసారాలు. 1965లో అవి రోజువారీ అయ్యాయి. ఐదు నిమిషాల వార్తలూ అప్పుడే వచ్చాయి. వాటిని చదివిన తొలి మనిషి ప్రతిమా పురి.

ఆమెది సిమ్లా. అసలు పేరు విద్యా రావత్. అక్కడి ఆకాశవాణి కేంద్రంలో పని మొదలుపెట్టి ఢిల్లీకి వచ్చారు. అంతరిక్షంలోకి వెళ్లిన మొదటి మనిషి యూరి గగారిన్‌ను ఇంటర్వ్యూ చేశారు. తర్వాతి రోజుల్లో కొత్త న్యూస్ రీడర్లకు శిక్షణ ఇచ్చారు. 2007లో చనిపోయారు.

ఇది చిన్న విషయం కాదు. లండన్‌లో బీబీసీ 1960లో నాన్ వింటన్ చేత వార్తలు చదివించి, ఆడమనిషి వార్తలు చదివితే ప్రేక్షకులు ఒప్పుకోవడం లేదంటూ మరుసటి ఏడాదే తప్పించింది. అలాంటి కాలంలో ఇక్కడ ఒక స్త్రీ గొంతును దేశం వార్తగా నమ్మింది.

మా అమ్మ చిన్నప్పుడు మా వాడలో టీవీ లేదు. ఊళ్లో పెద్దోళ్ల ఇంటి కిటికీ బయట నిలబడి చూసేదట. నేను ప్రతిమా పురి గురించి చెబితే అంతా విని ఒక్కటే అడిగింది: "ఆ కాయితం ఎవలు రాసిస్తరు బిడ్డా?"

నా పరిశోధనంతా ఆ ప్రశ్నే. 1976 దాకా దూరదర్శన్ ఆకాశవాణిలో ఒక భాగం. చదివే గొంతు ఆమెది, ఏది వార్తో తేల్చేది ప్రభుత్వ యంత్రాంగం. ఆ తర్వాత ప్రైవేటు చానళ్లు వచ్చాయి. తెర మీద ఆడవాళ్లు పెరిగారు. మరి డెస్కు? 2019లో ఆక్స్‌ఫామ్ ఇండియా, న్యూస్‌లాండ్రీ కలిసి పత్రికలు, చానళ్లు, వెబ్‌సైట్లలో 121 నాయకత్వ స్థానాలను లెక్కపెట్టాయి. 106 స్థానాల్లో అగ్రకులాల వారే ఉన్నారు. ఎస్సీ, ఎస్టీలు ఒక్కరూ లేరు.

ప్రతిమా పురిని తక్కువ చేయడానికి ఈ మాట అనడం లేదు. ఆమె తెరిచిన తలుపులోంచి ఎవరు లోపలికి వెళ్లగలిగారు, ఎవరు ఇంకా కిటికీ బయటే ఉన్నారు అని అడుగుతున్నాను.

జవాబు కొంత బుందేల్‌ఖండ్‌లో ఉంది. 2002లో చిత్రకూట్‌లో మొదలైన ఖబర్ లహరియాలో దళిత స్త్రీలు వార్తను వెతికారు, రాశారు, అచ్చేశారు. ఇప్పుడు ఫోన్లతో వీడియోలు తీసి వాళ్లే చెబుతున్నారు. అక్కడ గొంతూ వాళ్లదే, కాగితమూ వాళ్లదే.

"తొలి మహిళ" అని ఎవరి గురించి చదివినా, మా అమ్మ ప్రశ్న కూడా అడగండి.

జై భీమ్.