కాశీమజిలీ కథలు – అడిగేవాడి విలువ

(మన సంఘ వార్షిక సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



సాహిత్యం మీద పది నిమిషాలు మాట్లాడమని కార్యదర్శిగారు ఆజ్ఞాపించారు. నేను పండితుణ్ణి కాను. సర్వీసంతా నోట్ ఫైళ్ళు రాసిన గుమాస్తాను. అయితే ఆ ఉద్యోగం వల్లనే నాకు కాశీమజిలీ కథల మీద మక్కువ కలిగింది. ఒక ఫైలుకు జతపరచిన మరో ఫైలు, అందులో ఇంకో పాత రిఫరెన్సు. విప్పుకుంటూ పోతే అసలు అర్జీ ఎవరిదో మరచిపోయేవాళ్ళం! ఇళ్ళలో ఎవరైనా సాగదీసి మాట్లాడితే "కాశీమజిలీ కథలు చెప్పకు" అంటారు. ఆ మాట అనేవాళ్ళున్నారు గాని, ఆ పుస్తకం చదివినవాళ్ళు తగ్గిపోయారు.

మధిర సుబ్బన్న దీక్షితులుగారు ఈ కథలను 12 భాగాలుగా రచించారు. అన్నింటికీ ఆధారమైన ఏర్పాటు మాత్రం చాలా చిన్నది. మణిసిద్ధుడనే యతి కాలినడకన కాశీకి బయలుదేరాడు. కాశీకి పోయినవాడు కాటికి పోయినవాడితో సమానమని చెప్పుకునే రోజులవి. తోడు రావడానికి ఎవరూ ఒప్పుకోలేదు. చివరకు ఒక పశువుల కాపరి పిల్లవాడు వస్తానన్నాడు. అయితే ఒక షరతు పెట్టాడు. ప్రతి మజిలీలోను తాను చూసిన వింతను గురించి అడుగుతాడు, దాని కథ అయ్యవారు చెప్పాలి. యతి దగ్గర ఒక మణి ఉంది. దాని మహిమతో జరిగినదంతా ఆయనకు తెలుస్తుంది. ఇక చూడండి! కథలోని మనిషి దారిలో ఇంకొకరిని కలుస్తాడు. ఆ ఇంకొకరు తన కథ ఎత్తుకుంటాడు. అందులో మరొకరు. పొద్దుపోతే తరువాయి పై మజిలీలో.

మన పిల్లలు చదివిన చందమామలోని బేతాళ కథలదీ ఇదే పద్ధతి. సంస్కృతంలో బేతాళుడు చెప్పినవి 25 కథలే. చందమామవారు అదే చెట్టును, అదే శవాన్ని, అదే రాజును ఉంచి కొన్ని వందల కథలు నడిపారు. మన పక్కనున్న తెనాలిలో పుట్టిన కొడవటిగంటి కుటుంబరావుగారు 1952 నుంచి 1980లో కన్నుమూసేవరకు ఆ పత్రికకు చేసిన సేవ మీకు తెలిసినదే. అక్కడ కథ చివర బేతాళుడు ప్రశ్న వేస్తాడు. రాజు జవాబు చెప్పగానే శవం మళ్ళీ చెట్టెక్కుతుంది, మరో కథకు దారి దొరుకుతుంది.

రెండుచోట్లా కథను పుట్టించేది ప్రశ్నే. కాశీమజిలీలలో మహిమ అంతా మణిలో ఉందని చాలాకాలం అనుకున్నాను. ఇప్పుడలా అనుకోవడం లేదు. పిల్లవాడు అడగకపోతే మణి మూటలోనే ఉండిపోయేది.

ఈ సంగతి నాకు ఆలస్యంగా తెలిసింది. 1977 నవంబరు 19న దివిసీమను ఉప్పెన ముంచెత్తి వేలాది మందిని పొట్టన పెట్టుకున్నది. నాతో పనిచేసిన మిత్రుడొకరిని సహాయ కార్యక్రమాల లెక్కలు రాయడానికి అవనిగడ్డ పంపారు. ఎన్నో ఏళ్ళ తరువాత ఒక సాయంత్రం బస్టాండులో ఆయన ఉన్నట్టుండి, "ఆ రిజిస్టరులో ఒక ఊరి పేజీ మూడుసార్లు తిరగరాశానండీ" అని ఆగారు. నేను "అదిగో, మన బస్సు వచ్చింది" అన్నాను. ఆ తరువాత ఎన్నో మీటింగుల్లో కలుసుకున్నాం. డి.ఏ. బకాయిలు మాట్లాడుకున్నాం, షుగరు మాత్రలు మాట్లాడుకున్నాం. ఆ పేజీ సంగతి మాత్రం నేను అడగలేదు.

రెండేళ్ళ క్రితం ఆయన కాలం చేశారు. పెద్దకర్మ నాడు ఆయన మనవరాలు నా పక్కన కూర్చుని, "తాతగారూ, మా తాతయ్య ఉప్పెనప్పుడు అక్కడ పనిచేశారటగా, ఏం చేశారండీ?" అని అడిగింది. నాకు తెలిసింది ఆ ఒక్క వాక్యమే. అదే చెప్పాను. "మూడుసార్లు ఎందుకు రాశారు?" అన్నది. తలవంచుకున్నాను. మజిలీ కథలు ఇంతగా ఇష్టపడే నేను, ఎదురుగా మొదలైన కథను ఆ బస్టాండులోనే వదిలేసి వచ్చాను.

అందుచేత ఒక్క మనవి. నెలవారీ సమావేశంలో మెడికల్ బిల్లుల సంగతులు అయ్యాక ఒక పావుగంట కేటాయించుకుందాం. ప్రతిసారి ఒకరిని మిగిలినవాళ్ళం అడుగుదాం. మీ మొదటి పోస్టింగు ఎక్కడ? ఆ రోజు ఏం జరిగింది? తరువాత? ఎవరైనా ఒక నోటుపుస్తకంలో రాసుకుంటే మరీ మంచిది. ఇక్కడికి వచ్చిన మనవలకు, మనవరాళ్ళకు కూడా చెబుతున్నాను. మీ తాతయ్యలు, అమ్మమ్మలు, నానమ్మలు తమంతట తాము చెప్పరు. సాగదీస్తున్నామని మీరు విసుక్కుంటారేమోనని భయం. మీరే అడగండి.

మన కాశీ ఎంత దూరంలో ఉందో ఎవరికీ తెలియదు. ఈ మజిలీలో ఇంకా పొద్దుంది.