మంద మేసే జాగ ఎవరిది?

(మోస్రాలో చేసిన ప్రసంగ పాఠం)

అన్నలారా, అక్కలారా, గొర్ల కాపరులారా, తండాల నుంచి వచ్చిన తమ్ముళ్లారా!

మాల, మాదిగ వాడల నుంచి వచ్చిన మేము గొర్ల గురించి మాట్లాడుతుంటే కొందరికి వింతగా ఉండొచ్చు. వింతేమీ లేదు. కురుమలు గొర్రెను సాదిండ్రు, ఉన్ని కత్తిరించి గొంగడి నేసిండ్రు. మాదిగలు లందలో తోలు ఊనిండ్రు, చెప్పు కుట్టిండ్రు, డప్పు కట్టిండ్రు. ఇద్దరి కష్టం మీదా ఊరు బతికింది. భూమి మాత్రం ఇద్దరికీ దక్కలేదు.

మంద ఒక్కచోట నిలవదు. పైర్లున్నప్పుడు కాపరి గుట్టలకు, అడవి అంచులకు తోలుకపోతడు. కోతలైనంక కొయ్యకాళ్లలో మేపుతడు. రాత్రి పొలంలో మంద పెడితే పెంట, మూత్రం భూమికి ఎరువు. అందుకు రైతు వడ్లో, జొన్నలో, రూపాయలో ఇస్తడు. ఇది తిరుగుబోతుతనం కాదు, లెక్క తెలిసిన బతుకు.

లంబాడాల తాతలు ఎడ్ల మీద ఉప్పు, ధాన్యం వేసుకొని దక్కనంతా తిరిగిండ్రు. రైళ్లు, రోడ్లు వచ్చి ఆ బేరం పోయింది. తెల్లదొరలు 1871లో నేరస్థ జాతుల చట్టం తెచ్చి, తిరిగే జాతులెన్నింటినో పుట్టుకతోనే దొంగలన్నరు. ఆ చట్టం 1952లో రద్దయింది. అనుమానపు చూపు రద్దయిందా? పుట్టుకతోనే అంటరానివాళ్లమని అనిపించుకున్న మనకు ఆ చూపు ఎట్లుంటదో ఒకరు చెప్పాల్నా?

ఇప్పుడు మన దగ్గరి సంగతి. 1931లో నిజాంసాగర్ కట్టుడు పూర్తయింది. ఆ పదేండ్లలోనే బోధన్‌ల చక్కెర ఫ్యాక్టరీ పుట్టింది. చెరుకు, వరి పెరిగినయి, బీడు తరిగింది. 2015లో ఫ్యాక్టరీ మూతపడ్డది, మేతభూమి మాత్రం తిరిగి రాలేదు. కోత మిషన్లు వచ్చినంక కొయ్యకాళ్లకు నిప్పు పెడుతున్నరు. 2017లో సర్కారు 75 శాతం సబ్సిడీతో ఇరవై గొర్లు, ఒక పొట్టేలు పథకం పెట్టింది. గొర్లు సరే, మేత ఏది?

ఇక్కడే మనకు మనకు కొట్లాట పెడుతరు. బంచరాయి పేదలకు పంచుమని దళితులు అడిగితే కాపరులను ఎగేస్తరు. మేతకు ఉంచుమని కాపరులు అడిగితే దళితులను ఎగేస్తరు. బంచరాయిని దున్ని కలుపుకున్న పెద్దమనిషి ఒడ్డు మీద నిలబడి నవ్వుతడు.

2011 జనవరి 28న జగ్‌పాల్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు ఊరి ఉమ్మడి భూముల కబ్జాలు తీసెయ్యాలని అన్ని రాష్ట్రాలకూ చెప్పింది. భూమిలేని కూలీలకు, ఎస్సీ, ఎస్టీలకు సర్కారు ఇచ్చిన లీజులను మినహాయింపుగా చూడొచ్చని కూడా అన్నది. అంటే కోర్టు కూడా పేదోన్ని, కబ్జాకోరును ఒక్క తీరు చూడలేదు. 2006 అటవీ హక్కుల చట్టంలో మేత హక్కు, సంచార కాపరుల హక్కు రాసి ఉన్నయి.

అందుకే మేము అడిగేది ఇదీ. గ్రామసభలో బంచరాయి సర్వే నంబర్లు చదివించాలె. ఎవరి కబ్జాలో ఎంతుందో కొలిపించాలె. ముందు పెద్దల కబ్జా తియ్యాలె. ఆ తర్వాత మేతకు ఎంత, భూమిలేనోళ్లకు ఎంత అనేది మనం మనం కూసోని తేల్చుకుందాం. కొలిచే రోజు గొలుసుకు ఒక కొన కాపరి పట్టాలె, ఇంకో కొన దళితుడు పట్టాలె.