తుపాకీ నీడలో తీసిన సినిమా: కుర్ట్ గెరాన్ కథ

ఈ రోజు ఎపిసోడ్‌లో ఒక జర్మన్ నటుడి గురించి మాట్లాడుకుందాం. పేరు కుర్ట్ గెరాన్. మీలో చాలామంది ఈ పేరు విని ఉండరు.

1897లో బెర్లిన్‌లో ఒక యూదు కుటుంబంలో పుట్టాడు. మెడిసిన్ చదువుతుంటే మొదటి ప్రపంచ యుద్ధం వచ్చింది. సైన్యంలోకి వెళ్లి గాయపడ్డాడు. నేను సాఫ్ట్‌వేర్ వదిలేసి కెమెరా ముందుకొచ్చినట్టు, అతను మెడిసిన్ వదిలేసి స్టేజ్ ఎక్కాడు. భారీ మనిషి, మంచి గొంతు, జనాన్ని నవ్వించే టైమింగ్. 1928లో 'త్రీపెన్నీ ఒపేరా' మొదటి ప్రదర్శనలో 'మ్యాక్ ద నైఫ్' పాట పాడింది ఇతనే. 1930లో 'ద బ్లూ ఏంజెల్' సినిమాతో మార్లీన్ డీట్రిచ్ పెద్ద స్టార్ అయిపోయింది కదా, అందులో ఆ నాటక బృందాన్ని నడిపే మెజీషియన్ కూడా ఇతనే. తర్వాత డైరెక్టర్ కూడా అయ్యాడు.

1933లో హిట్లర్ వచ్చాడు. యూదులను సినిమా రంగం నుంచి గెంటేశారు. గెరాన్ పారిస్ వెళ్లాడు, ఆ తర్వాత ఆమ్‌స్టర్‌డామ్. 1940లో జర్మన్ సైన్యం అక్కడికీ వచ్చేసింది. చివరికి 1944లో అతన్ని థెరీసియన్‌స్టాట్ క్యాంపుకి పంపారు. ఆ ఊరు ఇప్పుడు చెక్ రిపబ్లిక్‌లో ఉంది. ఆ క్యాంపులో కూడా తోటి ఖైదీల కోసం 'కారుసెల్' అనే పేరుతో ఆటపాటల ప్రోగ్రామ్ నడిపాడు.

అసలు కథ ఇక్కడే. 1944 జూన్ 23న రెడ్‌క్రాస్ వాళ్లు ఆ క్యాంపు చూడ్డానికి వచ్చారు. వాళ్లు వచ్చేలోపే నాజీలు గోడలకు రంగులేయించారు, మొక్కలు నాటించారు. జనం కిక్కిరిసి కనిపించకూడదని, మే నెలలోనే దాదాపు 7,500 మందిని ఆష్‌విట్జ్‌కి పంపేశారు. ఆ నాటకం పండింది. దాన్నే సినిమాగా కూడా తీయించారు. డైరెక్ట్ చెయ్యమని గెరాన్‌కి ఆర్డర్ వేశారు.

తీశాడు. ఫుట్‌బాల్ మ్యాచ్, లైబ్రరీ, సంగీత కచేరీ, రొట్టె తింటున్న పిల్లలు. ఫ్రేమ్‌లో అంతా హాయిగా ఉంటుంది. ఫ్రేమ్ బయట ఆకలి, రోగాలు, చావులు.

సెప్టెంబర్‌లో షూటింగ్ అయిపోయింది. ఆ నెల 28 నుంచి రైళ్లు మొదలయ్యాయి. నెల రోజుల్లో సుమారు 18,000 మందిని ఆష్‌విట్జ్‌కి తరలించారు. అక్టోబర్ 28న బయల్దేరిన ఆఖరి రైల్లో గెరాన్, అతని భార్య ఉన్నారు. అక్కడే అతన్ని చంపేశారు. సినిమా ఎడిటింగ్ 1945లో, అతను లేకుండానే పూర్తయింది. ఇప్పుడు ముక్కలు మాత్రమే మిగిలాయి.

మరి అతను ఒప్పుకోవడం తప్పా? కొందరు ఖైదీలు అప్పుడే తిట్టుకున్నారు. నాకైతే, కాదంటే చావే అన్నప్పుడు తలూపిన మనిషిని ఇక్కడ ఏసీ రూమ్‌లో కూర్చుని జడ్జ్ చేసే అర్హత లేదనిపిస్తుంది. తప్పు ఆర్డర్ వేసినవాళ్లది.

కానీ ఒక్క మాట. ఆ ఫుటేజ్‌లో ఒక్క మనిషి కూడా గ్రాఫిక్స్ కాదు. అందరూ నిజమైనవాళ్లే. అయినా వీడియో మొత్తం అబద్ధం. అందుకే మీ ఫీడ్‌లో ఏదైనా చక్కటి వీడియో కనిపిస్తే, ఇది ఫేకా అని అడిగి ఆగిపోకండి. దీన్ని ఎవరు తీయించారు, ఫ్రేమ్ బయట ఏముంది అని కూడా అడగండి.

గెరాన్ స్థానంలో మీరుంటే ఏం చేసేవాళ్లు? కామెంట్‌లో రాయండి, నేను చదువుతాను. నెక్స్ట్ ఎపిసోడ్‌లో కలుద్దాం.