రాజీ కాగితం, మూడు నెలల గడువు

(ఛత్రినాకలో చేసిన స్మారకోపన్యాసం పాఠం)



ఫిర్యాదు చేసినవారూ నిందితులూ బయట కూర్చుని రాజీపడ్డారు. ఇక కేసు వద్దంటున్నారు. కోర్టు ఆ మాట వినాలా? సివిల్ దావా అయితే ఈ ప్రశ్నే రాదు, ఆ తగువు వాళ్లిద్దరిదే. క్రిమినల్ కేసులో అలా కుదరదు. స్టేషన్‌లో ఎఫ్ఐఆర్ పడిందంటే కేసు నడిపేది ప్రభుత్వం, ఫిర్యాదుదారు సాక్షి మాత్రమే.

పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్ 320వ సెక్షన్‌లో రెండు పట్టికలున్నాయి. మొదటి పట్టికలోని నేరాలకు బాధితులు తమంతట తామే రాజీపడవచ్చు. రెండోదానికి కోర్టు అనుమతి కావాలి. ఈ రెంటిలోనూ లేని నేరానికి రాజీ లేదు. అయితే అదే కోడ్‌లో 482వ సెక్షన్ ఉంది. కోర్టు ప్రక్రియ దుర్వినియోగం కాకుండా, న్యాయం నెరవేరేలా చూసేందుకు హైకోర్టుకున్న సహజాధికారం అది. పట్టికలో లేని కేసును ఆ అధికారంతో కొట్టేయవచ్చా అన్న దగ్గర చాలాకాలం పేచీ నడిచింది.

2003 మార్చి 13న బి.ఎస్. జోషి కేసులో సుప్రీంకోర్టు కొట్టేయవచ్చని తేల్చింది. అది 498-ఏ కేసు, అంటే భార్యపై భర్త, అత్తింటివారి క్రూరత్వం కేసు. రాజీ కుదిరిందని భార్యే అఫిడవిట్ ఇచ్చినా, రాజీపడదగని నేరమంటూ పంజాబ్-హర్యానా హైకోర్టు ఒప్పుకోలేదు. 320వ సెక్షన్ 482 చేతులు కట్టెయ్యదని సుప్రీంకోర్టు చెప్పింది. 2010లో ఇద్దరు న్యాయమూర్తులు ఈ తీర్పును శంకించారు. 2012 సెప్టెంబర్ 24న జ్ఞాన్‌సింగ్ కేసులో ముగ్గురు న్యాయమూర్తుల ధర్మాసనం దాన్ని నిలబెట్టి, హద్దులు గీసింది. హత్య, అత్యాచారం, బందిపోటు, అవినీతి లాంటివి రాజీకి లొంగవు. కుటుంబ తగాదాలు, డబ్బు లావాదేవీలు ప్రధానంగా ఉన్నవి లొంగవచ్చు. హత్యాయత్నం సంగతి 2014లో నరీందర్‌సింగ్ కేసులోనూ, 2019లో లక్ష్మీనారాయణ్ కేసులోనూ వచ్చింది: సెక్షన్ నంబరు చూసి ఆగిపోకుండా గాయం ఎక్కడ తగిలింది, ఆయుధం ఏమిటి అని చూడాలన్నారు. 2024 నవంబర్‌లో వచ్చిన రామ్‌జీలాల్ బైర్వా తీర్పు మరీ ముఖ్యం. విద్యార్థినిపై లైంగిక వేధింపు ఆరోపణ ఎదుర్కొన్న టీచర్, అమ్మాయి తండ్రితో రాజీ కాగితం రాయించుకుంటే రాజస్థాన్ హైకోర్టు కేసు కొట్టేసింది. కేసుతో సంబంధం లేని మూడో వ్యక్తులు సుప్రీంకోర్టు దాకా వెళ్లి ఆ ఉత్తర్వు రద్దు చేయించారు. పిల్ల తరఫున తండ్రి సంతకం పెట్టినంత మాత్రాన నేరం చెరిగిపోదు.

ఇక మన సంగతి. జోషి తీర్పు వచ్చిన ఏడాదే ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ శాసనసభ వేరే దారి పట్టింది. 2003లోని 11వ చట్టంతో 498-ఏను 320వ సెక్షన్ రెండో పట్టికలో చేర్చింది. అది ఆగస్టు 1 నుంచి అమల్లోకి వచ్చింది. రాజీకి అర్హురాలు క్రూరత్వానికి గురైన స్త్రీయే. కోర్టుకు దరఖాస్తు పెట్టాక కనీసం మూడు నెలలు గడవాలి, ఈలోగా ఎవరూ వెనక్కి తగ్గకపోతేనే కోర్టు అంగీకరించవచ్చు. ఈ షరతు రాసినవాళ్లకు మన ఇళ్లు బాగా తెలుసు. పెద్దమనుషుల పంచాయితీలో రాత్రి సరేనన్న ఆడపిల్ల పొద్దున్నే మనసు మార్చుకోవచ్చు, మార్చుకునే వీలు ఆమెకుండాలి. 2011లో జస్టిస్ పి.వి. రెడ్డి అధ్యక్షతన లా కమిషన్ 237వ నివేదిక ఇస్తూ, 498-ఏను దేశమంతటా కోర్టు అనుమతితో రాజీపడదగినదిగా చేయమంది.

మన సవరణ ఉన్నా మనవాళ్లు హైకోర్టుకు ఎందుకు పరుగెత్తుతున్నారు? ఈ కేసుల్లో 498-ఏ ఒంటరిగా రాదు, వరకట్న నిషేధ చట్టం వెంటపడి వస్తుంది. ఆ చట్టం 8వ సెక్షన్ ప్రకారం దాని కింది నేరాలు రాజీపడదగనివి. మేజిస్ట్రేటు సగం కేసు మూయగలరు, మిగతా సగం మూయలేరు. దాంతో అందరూ మూసీ ఒడ్డున హైకోర్టులో, కేసు కొట్టేయమని క్వాష్ పిటిషన్ వేస్తారు. అక్కడ మూడు నెలల గడువు లేదు. ఇరుపక్షాల జాయింట్ మెమో, ఆధార్ కార్డులు, న్యాయ సేవల అధికారి ముందు హాజరు ఉంటే చాలుననుకుంటున్నాం.

డబ్బు దగ్గర అసలు చిక్కు తెలుస్తుంది. శాశ్వత భరణం సాధారణంగా వాయిదాల్లో మాట్లాడుకుంటారు: పరస్పర అంగీకార విడాకుల మొదటి మోషన్‌కు కొంత, చివరి మోషన్‌కు కొంత, కేసు కొట్టేసిన రోజు మిగిలింది. ముందు కేసు తీసేస్తే డబ్బు రాదని ఆమె భయం, ముందు డబ్బిస్తే కేసు పోదని ఆయన భయం. మధ్యలో రెండు వైపులా అన్నలు, మేనమామలు, వాళ్లకు తోడు మా వకీళ్లు. (మా ఫీజు కూడా ఆఖరి వాయిదాకే ముడిపడి ఉంటుంది, ఆ మాట దాచను.) ఈ తొందరలో ఆమె ఏం కోరుకుంటోందో అడిగే మనిషి దొరకడు.

మూడు నెలల గడువు ఒత్తిడి పెంచడానికీ పనికొస్తుందని కొందరంటారు. ఆ వాదనలో నిజముంది. పుట్టింటికి ఫోన్లు పెరగవచ్చు. అందుకే ఒక్క గడువుతో సరిపోదు. ఆమెను బంధువులు లేకుండా, వీలైతే మహిళా న్యాయాధికారి ఎదుట, ఛాంబర్‌లో విడిగా మాట్లాడించాలి. సొమ్ము మొత్తం ముందే కోర్టులో డిపాజిట్ చేయించాలి. సహజాధికారం ఇంత విశాలమైనప్పుడు ఈ షరతులు పెట్టడానికి హైకోర్టుకు ఏ చట్టమూ అడ్డురాదు.

2024 జూలై 1 నుంచి కొత్త చట్టాలొచ్చాయి. 498-ఏ స్థానంలో భారతీయ న్యాయ సంహిత 85, 86 సెక్షన్లు, 320కి బదులు నాగరిక సురక్షా సంహిత 359, 482కు బదులు 528 వచ్చాయి. 359 పట్టికలో 85వ సెక్షన్ లేదు. మన 2003 సవరణ పాత కోడ్‌కు చేసింది, కొత్త సంహితకు కాదు. క్రిమినల్ ప్రక్రియ ఉమ్మడి జాబితాలోని విషయం కనుక, రాష్ట్రపతి ఆమోదంతో అలాంటి సవరణే మళ్లీ చేయడానికి తెలంగాణ, ఆంధ్రప్రదేశ్ శాసనసభలు రెంటికీ అవకాశముంది. అది జరిగేదాకా ఛత్రినాక స్టేషన్‌లో ఈ సెక్షన్ కింద కేసు పెట్టిన ఆడపిల్ల రాజీపడాలంటే, సవరణ తెచ్చిన మేజిస్ట్రేటు కోర్టు దారి కాక హైకోర్టు దారే పట్టాలి. శ్రీకాకుళం పిల్లయితే అమరావతి దాకా పోవాలి.