లైసెన్సు ఇస్తే భద్రత వస్తుందా?



1996లో హైదరాబాద్ పాతబస్తీలోని వ్యభిచార వాడ మెహబూబ్ కీ మెహందీని ఖాళీ చేయించారు. అక్కడి తల్లుల పిల్లల కోసం ప్రజ్వల సంస్థ బడి తెరిచింది. వీధి మూతపడింది కానీ వృత్తి ఆగలేదు, అద్దె ఇళ్లలోకి చెదిరిపోయింది.

అదే నగరంలోని మన్సూరాబాద్‌లో ఇద్దరు సెక్స్ వర్కర్లు ఒకరికొకరు తోడుగా ఒకే ఫ్లాట్‌లో పనిచేస్తున్నారనుకోండి. ఒంటరిగా చేస్తే నేరం కాని పని, ఇద్దరూ కలిసి చేస్తే 1956 నాటి చట్టం ప్రకారం ఆ ఇంటిని వ్యభిచార గృహంగా మార్చేస్తుంది. తెలిసి అద్దెకిచ్చిన యజమానికీ శిక్షే. అంటే, తోడు వెతుక్కోవడమే ప్రమాదం.

మరి లైసెన్సు ఇస్తే? 1868లో బ్రిటిష్ ప్రభుత్వం మన దేశంలో ఈ వృత్తిలోని స్త్రీలకు చట్టం ద్వారా నమోదు, నిర్బంధ వైద్య పరీక్షలు పెట్టింది. స్త్రీలు తప్పించుకు తిరిగారు. 1888లో ఆ చట్టం రద్దయింది. జర్మనీలో 2017 నుంచి నమోదు తప్పనిసరి. అయినా ఎందరో పేరు బయటపడుతుందని దూరంగానే ఉన్నారు. న్యూజిలాండ్ 2003లో వేరే దారి పట్టింది: నలుగురి దాకా లైసెన్సు లేకుండానే కలిసి పనిచేసుకోవచ్చు. కొట్టినవాడిపై పోలీసులకు ధైర్యంగా ఫిర్యాదూ చేయవచ్చు.

ఈ వృత్తిని చట్టబద్ధం చేస్తే అమ్మాయిల అక్రమ రవాణాకు ముసుగు దొరుకుతుందన్న భయమూ కొట్టిపారేయదగింది కాదు. బాలికలను ఇందులోకి దించేవారిపై, బలవంతం చేసేవారిపై చట్టం కఠినంగానే ఉండాలి.

2022 మేలో సుప్రీంకోర్టు సెక్స్ వర్కర్లను గౌరవంగా చూడాలని, అత్యాచారానికి గురైతే తక్షణ వైద్యం అందించాలని, కండోమ్‌లను నేరానికి సాక్ష్యంగా చూపరాదని ఆదేశించింది. గోడకు లైసెన్సు తగిలించడం కన్నా, ఈ ఆదేశాలు ప్రతి ఠాణాలో అమలైతేనే ఆ స్త్రీలకు అసలైన రక్షణ.