కైరో కాగితాల చరిత్రకారుడు

పాత కైరోలో బెన్ ఎజ్రా అనే యూదుల ప్రార్థనాలయం ఉంది. దేవుడి పేరు రాసిన కాగితాన్ని పారేయకూడదని అక్కడివాళ్లు పాత రాతలన్నీ ఒక గదిలో వేసేవారు. ఉత్తరాలు, పద్దులు, పెళ్లి ఒప్పందాలు కూడా అందులో చేరాయి. ఆ ఉత్తరాల్లో, పద్దుల్లో చాలావరకు అరబ్బీ భాషే, లిపి మాత్రం హీబ్రూ.

ఆ కాగితాల్లోంచి మధ్యయుగపు మామూలు మనుషుల్ని మనకు చూపించిన చరిత్రకారుడు ఎస్. డి. గోయిటైన్. 1900లో జర్మనీలో పుట్టారు. ఫ్రాంక్‌ఫర్ట్‌లో ఇస్లామిక్ చరిత్ర చదివి, 1923లో పాలస్తీనా వెళ్లారు. జెరూసలేంలోని హీబ్రూ విశ్వవిద్యాలయంలో పాఠాలు చెప్పారు, యెమెన్ యూదుల జీవితాన్ని పరిశోధించారు. 1957 నుంచి అమెరికాలోనే.

కైరో కాగితాల్లో ఆయనను ముందుగా ఆకట్టుకున్నవి మన పడమటి తీరం ముచ్చట్లే! 12వ శతాబ్దంలో అబ్రహాం బెన్ యిజూ అనే వర్తకుడు మంగళూరులో స్థిరపడి కంచు పని చేయించేవాడు. యెమెన్‌లోని ఏడెన్ మిత్రులు విరిగిన పాత్రలు పంపితే, కొత్తవి పోయించి పంపేవాడు. వాళ్లు అతనికి కాగితం, చక్కెర కానుకలు పంపేవారు. సరుకు లెక్కల పక్కనే స్నేహం కూడా కనిపిస్తుంది, నాకు అదే అపురూపం.

గోయిటైన్ ప్రధాన గ్రంథం 'మధ్యధరా సమాజం' మొదటి సంపుటం 1967లో వచ్చింది. 1985లో ఆయన కన్నుమూశాక, 1988లో అయిదోది వెలువడింది. భారత వర్తకుల పత్రాలపై గోయిటైన్ మొదలుపెట్టిన పుస్తకాన్ని మొర్దెకాయ్ ఫ్రీడ్‌మన్ పూర్తిచేసి, 2008లో ప్రచురించారు.